హాజరు పట్టీలో రెండు పక్షులు

మా ఇంగ్లీషు సారు పోయారన్న కబురు నాకు ఇల్లందు నుంచి వచ్చే బస్సు కండక్టరు చెప్పాడు. తల్లాడ సెంటర్లో బస్సు ఇంకా పూర్తిగా ఆగలేదు. ఫుట్‌బోర్డు మీద నుంచి వంగి, చుట్టూ నా స్కూలు పిల్లలున్నారని కూడా చూడకుండా, "ఓ బ్రిటిల్! సారు పోయిండు" అని కేక వేశాడు. తర్వాత దిగి వచ్చి నెమ్మదిగా చెప్పాడు. "మొన్న పొద్దుగాల. కుర్చీల కూసున్నోడు కూసున్నట్టే. కండ్లద్దాలు గుడ తియ్యలె."

బస్సు ఆ రోజు ముప్పావుగంట ఆలస్యం. ఆ కండక్టరుకి చిన్నప్పుడు సారు పెట్టిన పేరు పంక్చువల్. నాకు ముందు నవ్వొచ్చింది, ఆ వెనకే ఏడుపొచ్చింది. మా టీచరుని ఎవరో బ్రిటిల్ అని పిలిచారని నా పిల్లలు వారం రోజులు చెవులు కొరుక్కున్నారు. వాళ్ళకు చెప్పలేదు. మీకు చెబుతాను.

మా ఊరు ఇల్లందు దాటి అడవిలోకి పోయే దారిలో ఉంటుంది. మేము తొమ్మిదో తరగతికి వచ్చిన ఏడాది సారు బదిలీ మీద వచ్చారు. ఎర్రుపాలెం వైపు మనిషి, మాట మెత్తన. ఆకాశంలో మబ్బు తునక లేకపోయినా చంకలో గొడుగు ఉండేది. మిగిలిన సుద్దముక్కల్ని చొక్కా జేబులో వేసుకునేవారు. అందుకని ఏ రంగు చొక్కా వేసినా జేబు మాత్రం తెల్లగానే ఉండేది. బెత్తం ముట్టుకోలేదు. కోపం వస్తే కళ్ళజోడు తీసి తుడిచేవారు. ఎంతసేపు తుడిస్తే అంత కోపమన్నమాట.

ఆయన దగ్గర అట్టలు ఊడిపోయిన పెద్ద డిక్షనరీ ఒకటి ఉండేది. గోనెగుడ్డతో కుట్టించారు దాన్ని. మొదటి వారంలోనే అది తెచ్చి బల్ల మీద పెట్టి, మా ఒక్కొక్కరి మొహం కాసేపు చూసి, ఒక్కొక్కరికి ఒక మాట ఇచ్చారు. అన్నీ విశేషణాలే. "వస్తువులు మీ అడవిలో బోలెడున్నాయి. అవి ఎలా ఉన్నాయో చెప్పే మాటలే మీ దగ్గర లేవు. అవి నేనిస్తా" అన్నారు. ఏడాదంతా ఆ మాట మాదే. దాన్ని పుస్తకంలో రాసుకుంటే సరిపోదు. ఆ మాట సరిపోయే వస్తువునో ప్రాణినో మన కళ్ళతో చూసి, వీలైతే తరగతికి తెచ్చి, దాని మీద ఒక వాక్యం రాయాలి. "చూడని మాట చుట్టపు మాట. చూసిన మాటే ఇంటి మాట" అనేది ఆయన సామెత. ఆయనే అల్లుకున్నది. మరెవరి నోటా నేను వినలేదు.

ఇంకో వింత, పొద్దున హాజరు కూడా ఆ మాటలతోనే పిలిచేవారు. పట్టీలో మా పేర్ల పక్కన పెన్సిలుతో మాటలు రాసుకున్నారు. తల వంచుకుని, పెన్ను పట్టుకుని, "జెంటిల్... పంక్చువల్... బ్రిటిల్..." అంటూ పోయేవారు. మేము "ప్రెజెంట్ సార్" అనేవాళ్ళం. తల ఎత్తి చూసే అలవాటు లేదు. గొంతు వింటే చాలు, టిక్కు పడేది. హెడ్మాస్టరు గారు ఇదేం చోద్యమని ఒకటి రెండుసార్లు అన్నారు, తర్వాత వదిలేశారు.

నా మాట బ్రిటిల్. పెళుసు. ఎండిన తునికాకు ఒకటి తెచ్చి సారు అరచేతిలో పెట్టి నలిపాను. ఆయన ఆ పొడిని పారెయ్యకుండా కాగితంలో పొట్లం కట్టి బల్ల సొరుగులో పెట్టుకున్నారు. పంక్చువల్‌ది మరీ నవ్వులాట. వాళ్ళ మామయ్య బర్రె రోజూ ఒంటిగంట బెల్లు కొట్టేసరికి సరిగ్గా గేటు ముందుకొస్తుందని మమ్మల్నందర్నీ ఎండలో నిలబెట్టాడు. ఆ రోజు అది రాలేదు. రెండింటికి దూడను వెంటేసుకుని తాపీగా వచ్చింది. సారు కళ్ళల్లో నీళ్ళొచ్చేదాకా నవ్వి, "అది నీ మాట వినలేదురా, ఇంకో సాక్షిని వెతుక్కో" అన్నారు.

నా పక్కన కూర్చునే అమ్మాయి మాట వోలంట్.

వాగవతలి తండా నుంచి వచ్చేది. ఆ తండా నుంచి తొమ్మిదో తరగతి దాకా వచ్చిన మొదటి ఆడపిల్ల. వాగులో రాళ్ళ మీంచి దూకుతూ వస్తుంటే కాలు రాయికి ఆనినట్టే ఉండేది కాదు. సారు ఒకసారి వాగు గట్టు మీద సైకిల్ ఆపుకుని అది చూశారట. అందుకే ఆ మాట ఇచ్చారు. మా ఇల్లు కృష్ణా వైపు నుంచి వలస వచ్చిన రైతుల ఇల్లు. తండా పిల్లతో ఒకే డబ్బాలో తింటానని మా నాయనమ్మ నన్ను తిట్టేది. నేను వింటేగా!

ఆ మాట అర్థం సారు చెప్పిన రోజు నాకు బాగా గుర్తు. డిక్షనరీలో దానికి మూడర్థాలున్నాయి. మొదటిది, ఎగిరేది, ఎగరగలిగింది. రెండోది, తేలిగ్గా, చురుగ్గా కదిలేది. మూడోది పాతకాలపు రాజుల డాళ్ళ మీద బొమ్మలకు సంబంధించింది. రెక్కలు చాపి ఎగురుతున్నట్టు గీసిన పక్షిని అలా అంటారట. పక్కన చిన్న బొమ్మ కూడా ఉంది, వేలిగోరంత పక్షి.

"ఫ్లయింగ్ అని ఉండంగ మల్ల ఇదెందుకు సార్?" అని అడిగిందామె.

"ఫ్లయింగ్ అంటే అది చేస్తున్న పని తల్లీ. వోలంట్ అంటే దాని స్వభావం. అదిగో, ఆ చెట్టుకు వేలాడుతున్న గబ్బిలాలు చూడు. తలకిందులుగా నిద్రపోతున్నా సరే, అవి వోలంటే. ఈ మాట కవులు రాస్తారు, జంతువుల్ని చదివేవాళ్ళు రాస్తారు. మామూలు వాళ్ళెవరూ వాడరు. పనికిరాని మాట అనుకున్నా నాకు పర్వాలేదు, నాకిష్టం."

"మనిషికి అనొచ్చా సార్?"

సారు కొంచెం ఆలోచించారు. "అనొచ్చు. కానీ అన్నవాడు ఆ మనిషిని కనిపెట్టుకుని ఉండాలి" అన్నారు. మేము నవ్వాం. ఆయనా నవ్వారు.

మా బడి ఆవరణలో పాత చింతచెట్లుండేవి. వాటి నిండా పెద్ద గబ్బిలాలు. పగలంతా వేలాడుతూ, ఒకదాన్నొకటి తోసుకుంటూ కీచుమంటుండేవి. ఆ వాసన మాకు అలవాటైపోయింది. తలుపుల్లేని కిటికీలకెదురుగా గుట్ట. గట్టిగా ఏది అరిచినా గుట్ట దాని చివరి ముక్కను తిప్పి పంపేది. అందుకని మా బడిలో ఎవరూ గట్టిగా మాట్లాడేవాళ్ళు కాదు. ఎవరూ వద్దని చెప్పలేదు, అలా అలవాటైంది.

ఆమె ముందు గబ్బిలం మీదే వాక్యం రాసింది. సారు చదివి తిరిగిచ్చేశారు. "గబ్బిలం అందరూ చూసిందేనమ్మా. ఎవరూ చూడనిది తే, చూద్దాం" అన్నారు. ఏడిపించడానికే అన్నారు. ఆ మాట ఆయన తర్వాత ఎన్నిసార్లు తలుచుకుని ఉంటారో.

ఆమె తాత ఒక జంతువు గురించి చెప్పేవాడట. పిల్లి అంత ఉంటుంది. కాళ్ళకూ చేతులకూ మధ్య తోలు ఉంటుంది. ఒక చెట్టు మీంచి ఇంకో చెట్టు మీదికి దుప్పటి విసిరినట్టు పోతుంది. రాత్రంతా తిరిగి తెల్లవారేసరికి తొర్రలోకి చేరుతుంది. గుట్ట వెనక పెద్ద ఇప్పచెట్టు తొర్రలో ఒకటి ఉందని తాత అన్నాడు.

"పొద్దు పొడవంగనే పోత. చూసి, రాసి, పగటి బెల్లుకల్ల ఒస్త" అంది నాతో. "నువ్వు నా బదులు పలుకు. ఒక్కపూట."

"నాకు భయం. సారు చూస్తే?"

"సారు తల ఎత్తుతడా ఏంది! గొంతు జర సన్నగ పెట్టు."

ఒక్కరోజు బడికి రాకపోతే ఏం మునిగిపోతుంది అంటారేమో. ఏడాదిలో ఒక్కరోజు కూడా మానని వాళ్ళకు ఆ డిక్షనరీ ఇచ్చేస్తానన్నారు సారు. అప్పటికి మానని వాళ్ళు ఇద్దరే మిగిలారు. ఒకరు ఆమె. రెండోవాడు పంక్చువల్.

ఆ మర్నాడు ముసురు. సారు హాజరు పిలిచారు. "వోలంట్" అన్నారు. నేను తల వంచి, గొంతు సన్నగా చేసి, "ప్రెజెంట్ సార్" అన్నాను. సారు పెన్ను ఒక్క క్షణం ఆగింది. ఆగిందనే అనిపించింది. తర్వాత గీసిన చప్పుడు వినిపించింది. రెండు పేర్ల తర్వాత నా మాట వచ్చింది, నా గొంతుతో పలికాను.

ఒంటిగంటకు పగటి బెల్లు కొట్టారు. ఆమె రాలేదు. సాయంత్రం బెల్లు కొట్టారు. రాలేదు.

చీకటి పడకముందే ఆమె నాయన బడికి వచ్చాడు. తల మీద గోనెసంచి కప్పుకున్నాడు, నీళ్ళు కారుతున్నాయి. సారు హాజరు పట్టీ తెరిచి చూపించి, "పొద్దున వచ్చిందయ్యా. పలికింది కూడా" అన్నారు. నేను అక్కడే వరండాలో ఉన్నాను. ఇంటి నుంచి ఎవరైనా గొడుగు తెస్తారని ఆగాను. నోరు విప్పితే సరిపోయేది. విప్పలేదు. దెబ్బలకు భయపడ్డానో, డిక్షనరీ ఆమెకు దక్కకుండా పోతుందని ఆలోచించానో, నాయనమ్మ గుర్తొచ్చిందో. ఇన్నేళ్ళలో చాలా కారణాలు చెప్పుకున్నాను. అసలు కారణం పిరికితనం.

అందుకని వాళ్ళు బడికీ తండాకూ మధ్య వెతికారు. వాగు పొడుగునా వెతికారు. గుట్ట వైపు ఎవరూ పోలేదు. మర్నాడు నేను, "సాయంత్రం బడి అయ్యాక గుట్ట వైపు పోతుంటే చూశాను" అని ఇంకో అబద్ధం చెప్పాను. అప్పుడు పోయారు. రాత్రంతా వాన కురిసింది, అడుగుజాడలు ఎక్కడివి?

ఇప్పచెట్టు దొరికింది. తొర్ర ఉంది, అందులో ఏమీ లేదు. చెట్టు పంగలో, మనిషి చెయ్యెత్తినా అందనంత పైన, ఆమె నోటుబుక్కు ఉంది. ఒకణ్ణి ఇంకొకడు భుజాల మీద ఎక్కించుకుని తీశారు. అన్ని చెట్లూ నీళ్ళు కారుతుంటే ఆ పుస్తకం మాత్రం పొడిగా ఉంది. చివరి పేజీలో ఇంగ్లీషులో నాలుగు మాటలు. ఐ సా ఎ వోలంట్. ఆ తర్వాత పెన్సిలు గీత వంకర తిరిగి, పైకి పోయి, కాగితం అంచు దాటిపోయింది. నేను ఒక ఎగిరే దాన్ని చూశాను అన్నంతవరకే ఉంది. ఏం చూసిందో లేదు.

పులి అన్నారు. వాగు అన్నారు. ఎవరో ఎత్తుకుపోయారన్నారు. తండా పెద్దలు ఏదీ అనలేదు. ఆ చెట్టుకింద దీపం పెట్టి, వెనక్కి చూడకుండా వచ్చేశారు. పోలీసులు ఒకసారి వచ్చి రాసుకుపోయారు. గుడ్డముక్క కూడా దొరకలేదు.

సారు వారం రోజులు బడికి రాలేదు. వచ్చిన రోజు మామూలుగా కూర్చుని హాజరు పిలిచారు. వోలంట్ వంతు వచ్చింది. ఆయన గొంతెత్తి పిలిచారు. పిలిచి, ఒక ఊపిరి తీసి వదిలేంతసేపు ఆగారు. ఎవరూ పలకలేదు. గుట్ట మాత్రం చివరి ముక్కను తిప్పి పంపింది. పట్టీలో ఆయన ఏమీ రాయలేదు. రాలేదని కూడా రాయలేదు. గడి ఖాళీగా వదిలేసి ముందుకు పోయారు. ఆ రోజు నుంచి రోజూ అదే. కొత్తగా వచ్చిన ఏ తరగతికీ ఆయన మళ్ళీ మాటలు ఇవ్వలేదు. మాకు ఇచ్చినవి మాత్రం వెనక్కి తీసుకోలేదు.

నా పక్క చోటు ఖాళీ. అక్కడ కూర్చోమంటే ఏ పిల్లా కూర్చునేది కాదు. నేను లేచి వేరేచోట కూర్చుంటానని సారుని అడిగాను. ఆయన కళ్ళజోడు తీసి చాలాసేపు తుడిచి, "అక్కడే కూర్చోమ్మా" అన్నారు. ఆయనకు నా సంగతి తెలుసునేమోనని మొదటిసారి అప్పుడే అనుమానం వచ్చింది.

చలికాలంలో హెడ్మాస్టరు గారు చెప్పారు. ఇన్నాళ్ళు రాని పిల్ల పేరు కొట్టెయ్యాలి, నెలాఖరుకల్లా కొట్టెయ్యండి అని. బడి అటెండరు ఆ మాట తండాలో కూడా చెప్పాడు. ఆ నెల చివరి పొద్దున మంచు బాగా కురిసింది, గుట్ట కనిపించడం లేదు. సారు పట్టీ తెరిచారు. వోలంట్ అన్నారు. ఆగారు.

"ప్రెజెంట్ సార్."

గుట్ట వైపు నుంచి, మంచులోంచి వచ్చింది. సన్నటి గొంతు, కొంచెం వణుకుతోంది. జెంటిల్ అనే పిల్ల ఏడుపు అందుకుంది. పంక్చువల్ బెంచీ కిందికి దూరాడు. నా చేతిలోంచి పుస్తకం జారిపడింది. సారు మాత్రం కిటికీ దగ్గరికి వెళ్ళి చాలాసేపు నిలబడ్డారు. తర్వాత వచ్చి కూర్చుని, వంగి, పట్టీలో చిన్నగా ఏదో గీశారు. పేరు కొట్టెయ్యలేదు. "ఈ నెలలో ఒకరోజు హాజరుంది సార్" అని హెడ్మాస్టరు గారికి పట్టీ చూపించారట. ఆయన ఏమనగలరు? ఆ మాట తరగతంతా విన్నదే.

రెండోసారి వేసవి సెలవులకు ముందు రోజు. ఒంటిపూట బడి, పొద్దున్నే ఎండ. బూరుగుకాయలు పగిలి దూది గాలిలో తేలుతూ కిటికీల్లోంచి వస్తోంది. సారు అప్పటికి ఆ మాటను చాలా నెమ్మదిగా పిలవడం మొదలుపెట్టారు, గుట్ట తిప్పి పంపకుండా. ముందు బెంచీవాళ్ళకే వినపడేది. అంత మెల్లగా అన్నారు. ఆగారు.

ఈసారి వచ్చింది గుట్ట నుంచి కాదు. పైకప్పు పెంకుల మీంచి అని పంక్చువల్ ఇప్పటికీ అంటాడు. కిటికీలోంచి అని కొందరంటారు. నాకు నా పక్కనుంచే వినిపించింది, ఖాళీ చోటులోంచి. ప్రెజెంట్ సార్. వణుకు లేదు. పరుగెత్తుకొచ్చి కూర్చున్న పిల్ల ఆయాసపడుతూ అన్నట్టుంది. చింతచెట్ల మీద గబ్బిలాలన్నీ పట్టపగలు ఒక్కసారిగా లేచాయి. ఆవరణంతా నీడైపోయింది. ఒక్క చుట్టు తిరిగి, మళ్ళీ వచ్చి, దేని కొమ్మ అది పట్టుకుని వేలాడాయి. సారు పెన్ను కిందపెట్టి, కళ్ళజోడు తుడిచి, మళ్ళీ పెట్టుకుని, పట్టీలో ఏదో గీసి, అదే గొంతుతో తర్వాతి మాట పిలిచారు.

ఆ ఏడాది డిక్షనరీ ఎవరికీ ఇవ్వలేదు. పంక్చువల్ అడగనూ లేదు.

తర్వాత నేను చదువుకుని టీచరునయ్యాను. ఇంగ్లీషు టీచరునే. సారు ఆ ఊళ్ళోనే రిటైరై, బడి పక్కనే ఇల్లు కట్టుకున్నారు. సొంతూరికి పోరేంటని అడిగితే, "ఇక్కడ పని మిగిలింది" అనేవారు. నేను వెళ్ళినప్పుడల్లా మజ్జిగ ఇచ్చి, నా పిల్లల గురించి అడిగేవారు, ఏ పాఠం ఎలా చెబుతున్నానో అడిగేవారు. ఆ పిల్ల సంగతి ఆయన ఎత్తలేదు. ఎత్తితే చెప్పేద్దామని నేను ప్రతిసారీ అనుకునేదాన్ని. ఆయన ఎత్తలేదు కదా అని ప్రతిసారీ ఊపిరి పీల్చుకుని బస్సెక్కేదాన్ని.

పదో రోజుకి సారు ఇంట్లో మా తరగతి వాళ్ళం పదిహేను మంది దాకా చేరాం. భోజనాలయ్యాక వరండాలో కూర్చున్నాం. అమ్మగారు, సారు భార్య, లోపలినుంచి ఒక పాత పట్టీ తెచ్చారు. "ఇది బడిదమ్మా. ఎన్నిసార్లు ఇచ్చెయ్యమన్నా ఇవ్వలేదాయన. పొద్దున కాఫీ తాగి, కుర్చీలో కూర్చుని, రోజూ దీన్నే తిరగేసేవారు. ఆ రోజు కూడా ఒళ్ళోనే ఉంది" అన్నారు.

పంక్చువల్ చూసి, "ఒక్కసారి పిలుద్దం. సారు పిలిచినట్టే. బ్రిటిల్, నువ్వు టీచరువి గద, నువ్వే పిలువు" అన్నాడు. పెన్ను కూడా చేతిలో పెట్టాడు. అందరూ నవ్వుతూ, కళ్ళు తుడుచుకుంటూ సర్దుకుని కూర్చున్నారు. వరండా చివర మెట్టు మీద ఒక ముసలావిడ కూర్చుని ఉంది. నేను గుర్తుపట్టాను. వోలంట్ తల్లి. మొగుడు పోయాక సారు ఇంట్లోనే పనీపాటా చూసుకుంటూ ఉంటోందట.

పిలిచాను. జెంటిల్ పలికింది. పంక్చువల్ పలికాడు. పట్టీ పేజీ తిప్పాను. ఆ ముసురు రోజు గడి కనిపించింది. టిక్కు ఉంది. టిక్కు పక్కన, కంటికి ఆనీ ఆనకుండా, పెన్సిలుతో నా మాటలో మొదటి అక్షరం.

ఆయనకు ఆ రోజే తెలుసు. గొంతు గుర్తుపట్టారు. అయినా టిక్కు పెట్టారు, పిల్లల ఆట అనుకుని. ఆ సాయంత్రం ఆ తండ్రికి పట్టీ చూపించినప్పుడు, నేను నోరు విప్పుతానని ఎదురుచూశారో, లేక ఆయనకూ నాకొచ్చిన భయమే వచ్చిందో. నన్ను దాచారు. దాచి కాపాడారో, దాచి శిక్షించారో నాకు తెలియదు. ఆ క్షణంలో ఆయన మీద నాకు కోపం వచ్చింది. చచ్చిపోయిన మనిషి మీద, అదీ పదో రోజున. ఆ వెనకే సిగ్గేసింది.

తర్వాతి మాట వోలంట్. పిలిచాను. అందరూ తల దించుకున్నారు. ఒక ఊపిరంతసేపు ఆగాను. ఆ ఊపిరి వదిలాక ముసలావిడ వైపు తిరిగాను.

"అమ్మా, ఆ రోజు మీ పిల్ల బడికి రాలేదు. పొద్దున్నే గుట్టకు పోయింది. పలికింది నేను. సాయంత్రం చెప్పనిది కూడా నేనే."

ఆవిడ తల తిప్పి నన్ను చూసింది.

"ఎవలో పలికిన్రని సారు చెప్పిండు బిడ్డా. ఎప్పుడో చెప్పిండు. తప్పు నాది, నేనే టిక్కు పెట్టిన అని నా కాళ్ళమీద పడ్డడు. ఎవలు పలికిన్రని అడిగితే మాత్రం చెప్పలె." ఆగింది. "నువ్వా?"

"నేనే."

"నీ డబ్బల అన్నం తింటి అని మా పిల్ల రోజు చెప్పేది."

క్షమించానని అనలేదు, తిట్టలేదు. లేచి, గోడ పట్టుకుంటూ వచ్చి నా పక్కన కూర్చుంది. పట్టీ మీద చెయ్యి పెట్టింది. ఆ పక్క పేజీల్లో అన్నీ ఖాళీ గడులు. చలికాలం నెల చివర ఒక గడిలో చిన్న పక్షి, రెక్కలు చాపింది, డిక్షనరీలో ఉన్నట్టే. సారు గీసింది అదన్నమాట.

"గిది నేనే" అంది ఆవిడ.

"ఏంటమ్మా?"

"పేరు కొట్టేస్తరని చెప్పిన్రు. మా పిల్ల రోజు ఇంట్ల గట్ల పలుకుడు నేర్సుకునేది, పిజెంట్ సార్, పిజెంట్ సార్ అనుకుంట. నాకు గుడ నోటికొచ్చింది. గుట్ట మీద బండెనక కూసోని, సారు పిలువంగనే నేనే పలికిన. పేరన్న ఉండనీ అని. సారుకు నేనే అని ఎరికే. మంచు జర ఇడిసినంక కిటికిలకెల్లి నన్ను చూసిండు."

పంక్చువల్ మొహం కప్పుకున్నాడు. ఇన్నేళ్ళు దయ్యమని చెప్పుకున్నాం మేము. తన పిల్ల పేరు కొట్టెయ్యకుండా చలిలో బండ వెనక కూర్చున్న తల్లిని. పేజీలు తిప్పి వేసవి సెలవుల ముందు రోజుకి వచ్చాను. అక్కడ రెండో పక్షి ఉంది.

"ఇది కూడా మీరేనా అమ్మా? సెలవుల ముందు. బూరుగుదూది ఎగురుతున్నప్పుడు."

ఆవిడ పట్టీని మొహం దగ్గరికి తీసుకుంది. ఆ గడిని వేలితో తడిమింది. తల అడ్డంగా ఊపింది.

"నేను ఒక్కపారే పలికిన బిడ్డా. ఎండకాలం నేను ఈడ లేను. భద్రాచలం దిక్కు తునికాకు కోతకు పోయిన. సారు గుడ రిటైరైనంక ఓనాడు అడిగిండు, రెండోపారి నువ్వేనా అని. కాదన్న." పట్టీ మళ్ళీ నా ఒళ్ళో పెట్టింది. "గందుకే ఆయన ఊరు ఇడిసి పోలె. రోజు పొద్దుగాల గీ అరుగు మీదనే కూసోని పిలిచేటోడు."

వరండాకి ఎదురుగా గుట్ట. మధ్యాహ్నపు ఎండలో ప్రతి బండా విడివిడిగా కనబడుతోంది. బడి చింతచెట్ల మీద గబ్బిలాలు ఎప్పటిలాగే వేలాడుతున్నాయి, కానీ కీచు లేదు.

"మల్లొక్కపారి పిలువు బిడ్డా" అంది ఆవిడ. "జర గట్టిగ."

పిలిచాను. ఈసారి గొంతెత్తి పిలిచాను. గుట్ట చివరి ముక్కను తిప్పి పంపింది, అదీ అణిగిపోయింది. ఆవిడ నా చెయ్యి పట్టుకుంది. అందరం అటే చూస్తూ ఒక ఊపిరంతసేపు ఆగాం. నేను పెన్ను మూత తీసి, రెండో పక్షి పక్కనున్న ఖాళీ గడి మీద పట్టుకుని ఉన్నాను.